క్రిస్మస్ జింజర్ కుకీలో మచిలీపట్నం వాటా ఎంత?

పోయిన డిసెంబర్ సెలవుల్లో ఇంట్లో జింజర్ కుకీస్ చేశాను. ట్రే బయటికి తీశానో లేదో, పక్క గదిలోంచి అమ్మమ్మ కేక: "ఏమే, శొంఠి వాసనొస్తోంది, ఎవరికి పురుడొచ్చిందే?" మన ఇళ్ళల్లో బాలింతలకి శొంఠిపొడి పెడతారు కదా, ఆవిడకి ఆ వాసనంటే అదే గుర్తు. నేను నవ్వేశాను. కానీ తర్వాత ఒక డౌట్ వచ్చింది. ఈ "ఫారిన్" బిస్కెట్‌లో అసలు ఫారిన్ ఎంత?

ముందు పేరు చూడండి. తమిళం, మలయాళంలో అల్లాన్ని ఇంజి అంటారు. దానికి "వేర్" కలిపితే ఇంజివేర్. ఆ వేర్ అంటే మన తెలుగు వేరే! భాషావేత్తలు చెప్పేదేంటంటే, ఆ మాటే పాళీలో సింగివేర అయ్యి, గ్రీకులో జింగిబెరిస్ అయ్యి, చివరికి ఇంగ్లీషులో జింజర్ అయింది. సరుకుతో పాటు పేరు కూడా ఓడెక్కిందన్నమాట.

ఆ ఓడలు మలబార్ తీరం నుంచి ఎర్ర సముద్రం మీదుగా ఈజిప్టుకి వెళ్ళేవి. సరుకు అక్కణ్ణుంచి వెనిస్, ఆల్ప్స్ కొండలు దాటి జర్మనీలోని న్యూరెంబర్గ్. ఆ ఊరి చుట్టూ అడవుల్లో తేనె దండిగా దొరికేది. తేనె, మసాలా రెండూ ఉన్న ఊరు కాబట్టి లెబ్‌కూహెన్ అనే మసాలా బిస్కెట్‌కి ఫేమస్ అయిపోయింది. 1643లో అది చేసేవాళ్ళకి సొంత సంఘమే ఏర్పడింది. జర్మన్లు దాన్ని "మిరియాల కేక్" అని కూడా అంటారు. అప్పట్లో వాళ్ళకి దూరం నుంచి వచ్చిన ప్రతి మసాలా మిరియమే!

ఇంతవరకూ అంతా తియ్యగానే ఉంది. జాజికాయ దగ్గరే కథ మారుతుంది.

అప్పట్లో ప్రపంచం మొత్తానికీ జాజికాయ ఇండోనేషియాలోని బందా అనే బుల్లి దీవుల నుంచే వచ్చేది. డచ్ ఈస్టిండియా కంపెనీ అక్కడికి వెళ్తే ఒక చిక్కొచ్చింది. ఆ దీవుల్లో యూరప్ సరుకుకి పెద్దగా గిరాకీ లేదు. వాళ్ళు అడిగింది బియ్యం, బట్టలు. ఏ బట్టలు? కోరమండల్ తీరం బట్టలు! అందుకే 1600ల మొదట్లోనే డచ్చివాళ్ళు గోల్కొండ సుల్తాన్ రాజ్యంలోని మచిలీపట్నంలో దిగి కోఠీ పెట్టారు. మన నేతగాళ్ళు నేసిన బట్ట కొనడం, తూర్పు దీవుల్లో దాన్ని మసాలాకి మార్చడం. స్కూల్ పుస్తకంలో "డచ్చివారు మచిలీపట్నంలో స్థావరం ఏర్పరిచారు" అని ఒక్క లైన్ చదివి వదిలేశాం. ఎందుకొచ్చారో మాకైతే ఎవరూ చెప్పలేదు.

అమ్మితే మాకే అమ్మాలని కంపెనీ పట్టు. బందా వాళ్ళు మాత్రం ఇంగ్లీషు వాళ్ళకీ, జావా వాళ్ళకీ కూడా అమ్మారు. 1621లో గవర్నర్ జనరల్ యాన్ కూన్ సైన్యంతో దిగాడు. నలభై మందికి పైగా ఊరి పెద్దల తలలు నరికించాడు. సుమారు 15,000 మంది ఉండే దీవుల్లో చివరికి వెయ్యి మంది దాకా మిగిలారని అంచనా. మిగతావాళ్ళు చంపబడ్డారు, ఆకలితో పోయారు, బానిసలయ్యారు, కొందరు పారిపోయారు. తర్వాత ఆ తోటల్లో పని చేయించింది కూడా బానిసలతోనే.

ఇంకో ముక్క వినండి. అక్కడే రన్ అనే దీవి కోసం ఇంగ్లీషు వాళ్ళతో డచ్చివాళ్ళు ఏళ్ళ తరబడి కొట్టుకున్నారు. 1667లో బ్రెడా సంధి కుదిరింది. రన్ డచ్చివాళ్ళకి, అమెరికాలో వాళ్ళ ఊరు న్యూ ఆమ్‌స్టర్‌డామ్ ఇంగ్లీషు వాళ్ళకి. అదే ఇప్పటి న్యూయార్క్. ఊరు పోయినా డచ్చివాళ్ళ "కూక్యే" అనే మాట అక్కడే ఉండిపోయింది. అంటే చిన్న కేక్. మనం కుకీ అంటున్నది దాన్నే! 1796లో అమీలియా సిమన్స్ అచ్చేసిన అమెరికన్ వంటల పుస్తకంలో కుకీ కూడా ఉంది, జింజర్‌బ్రెడ్ కూడా ఉంది.

రెసిపీ అడుగుతారని తెలుసు. మైదా 2 కప్పులు, వెన్న అర కప్పు, మొలాసిస్ బదులు ముదురు బెల్లం పాకం ముప్పావు కప్పు, వంటసోడా అర స్పూను, శొంఠిపొడి 2 స్పూన్లు, దాల్చినచెక్క 1 స్పూను, లవంగం, జాజికాయ చిటికెడు. ఓటీజీలో 180 డిగ్రీలు, 10 నుంచి 12 నిమిషాలు. తీసినప్పుడు మెత్తగానే ఉంటాయి, చల్లారాక గట్టిపడతాయి. నేను తెలీక మొదటి ట్రే ఇంకో 5 నిమిషాలు ఉంచాను, రాళ్ళయ్యాయి. అమ్మమ్మ వాటినే టీలో ముంచుకుని తింటూ, "జాజికాయ ఇంకాస్త పడాల్సిందే" అంది.