భూమి విచారణ – కాలదోషము

మూడేండ్లు దాటిన ప్రామిసరీ నోటుకు కాలదోషము పట్టునని మన ఇండ్లలో ఎరుగనివారు లేరు. అప్పిచ్చినవాడు మేలుకొనకపోయినచో ఆ నష్టము అతనిదే. మరి, “ఈ భూమి నీదని రుజువేమి?” అని సర్కారు ఏబది ఏండ్లకు అడిగినచో, ఆ ప్రశ్నకును కాలదోషము పట్టునా?

ఈ చిక్కు మనకు కొత్తది కాదు. 1858లో మదరాసు ప్రభుత్వము ఇనాము కమిషనును నియమించినది. కోస్తా, రాయలసీమ జిల్లాలు నాడు ఆ రాజధానిలోనివే. నవాబులు, జమీందారులు ఇచ్చిన మాన్యములకు ఆధారములు చూపవలసి వచ్చినది. తాటాకులు చివికిపోయినవి, దానమిచ్చిన వంశములు అంతరించినవి. కమిషనరు టెయిలరు కాలమున ఏర్పడిన నిబంధనలలో ఒకటి ఈ కష్టమును గుర్తించినది. ఏబది ఏండ్ల అనుభవము నిరూపితమైనచో, మూలపత్రము లేకున్నను ఇనాము చెల్లును. కట్టుబడి చెల్లించుటకు ఒప్పుకొన్న ఇనాముదారుకు పట్టా లభించెడిది.

నైజాము ఏలుబడిలోని తెలంగాణములో కథ వేరు. అక్కడ జాగీర్లు 1949 ఆగస్టు 15న రద్దయినవి. పిమ్మట 1954–55లో గ్రామగ్రామమునకు ఖాస్రా పహాణీ తయారైనది. పట్టాదారు ఎవరు, సేద్యము చేయువారెవరు అన్న వివరములు అందులోకి ఎక్కినవి. నేటికిని తెలంగాణ భూవివాదములలో మొదట తెరచి చూచు పుస్తకము అదియే. అయితే కింది అధికారుల ఉత్తర్వులను తిరిగి పరిశీలించు అధికారము పైవారికి ఉన్నది. 1317 ఫసలీ భూమి శిస్తు చట్టములో దానికి గడువు చెప్పలేదు. 1963 నాటి కాలపరిమితి చట్టము ప్రకారము ప్రభుత్వము దావా వేయుటకు సైతము ముప్పది ఏండ్ల హద్దు ఉన్నది. ఈ రెవిన్యూ విచారణకు మాత్రము హద్దు కానరాదు.

హద్దు వ్రాయనంత మాత్రమున హద్దు లేదనరాదని సుప్రీంకోర్టు 1969లోనే, గుజరాతునుండి వచ్చిన ఒక వ్యాజ్యములో తేల్చినది. కలెక్టరిచ్చిన అనుమతిని కమిషనరు ఏడాదికి పైగా గడచిన తరువాత రద్దు చేయుట చెల్లదన్నది. అధికారమును సమంజసమైన కాలములో వాడవలెను.

ఇబ్రహీంపట్నము తాలూకా వ్యవసాయ కూలీ సంఘము నడిపిన వ్యాజ్యములో ఇదే ప్రశ్న మన ముంగిటికి వచ్చినది. అనుమతి లేక జరిగిన అమ్మకములను తహసీల్దారులు ధ్రువపత్రములతో క్రమపరచియుండిరి. వానిని కలెక్టరు “ఎప్పుడైనను” తనంత తాను పరీక్షింపవచ్చునని 1950 నాటి కౌలుదారీ చట్టమునకు తరువాత చేసిన సవరణ చెప్పును. “ఎప్పుడైనను” అనగా సమంజసమైన కాలములోననియే అర్థమని 2003లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. మోసము జరిగినచో, అది బయటపడిన నాటినుండి ఆ కాలము లెక్కింపబడును.

రంగారెడ్డి జిల్లా గోపన్‌పల్లి భూముల సంగతి ఇంకను విచిత్రము. సుమారు ఏబది ఏండ్ల కిందటి పట్టా నమోదులను ప్రశ్నించుచు జాయింటు కలెక్టరు 2004 డిసెంబరు 31న నోటీసులిచ్చినారు. ఇంత ఆలస్యము తగదని 2015లో సుప్రీంకోర్టు ప్రభుత్వ అప్పీళ్ళను కొట్టివేసినది. 1858 నాటి ఇనాముదారుకు అండగా నిలిచిన ఏబది ఏండ్లు, గోపన్‌పల్లిలో విచారణకే అడ్డుగోడ అయినవి.

దీనిని కేవలము పట్టాదారు గెలుపుగా భావింపరాదు. ఆలస్యము ఇరువైపులా కోయు కత్తి. సాక్షులు గతించిన పిదప నిజమైన రైతు తన హక్కును చూపజాలడు. వేళకు విచారణ జరగనందున రక్షిత కౌలుదారు తన చెలకను పోగొట్టుకొనును. ఊరుమ్మడి బంజరు చేయి దాటిపోవును. అప్పుడు కోర్టు కాలమును చూచునే గాని పోయిన భూమిని తిరిగి తేజాలదు.

ఆలస్యం అమృతం విషం అని పెద్దలు ఊరక అనలేదు. భూమి విషయమున ఆ విషము మొదట సోకునది కాగితము లేని పేదకే. ప్రశ్నించు అధికారము సర్కారుకు ఉండవలసినదే. అయితే జవాబు చెప్పగల మనుష్యులు బ్రతికియుండగనే ఆ ప్రశ్న వేయవలెను.