బదిలీ కాగితమూ న్యాయస్థానమూ

బదిలీ అంటే ఏమిటో మా ఉపాధ్యాయులకు ఒకరు చెప్పనక్కరలేదు. ఇరవై ఏళ్ల ఉద్యోగంలో నేను అయిదు ఊళ్లు మారాను. అందులో ఒక ఊరికి, వార్షిక పరీక్షలు నెలరోజులున్నాయనగా, ‘పరిపాలనా సౌలభ్యం’ అన్న రెండు మాటలమీద వెళ్లవలసి వచ్చింది. నా తప్పేమిటని అడిగితే తప్పేమీ లేదన్నారు. తప్పుంటే విచారణ ఉండేది. విచారణ ఉంటే జవాబు చెప్పుకునే వీలుండేది. ఈ వ్యాసం రాయించింది ఆ కాగితమే అయినా నేను చెప్పబోయేది పోలీసు శాఖ సంగతి.

విచారణ లేకుండా ప్రభుత్వోద్యోగిని తొలగించరాదని, హోదా తగ్గించరాదని రాజ్యాంగం 311వ అధికరణంలో చెప్పింది. బదిలీ ఊసు అందులో లేదు. లొంగని పోలీసు అధికారిని శిక్షించదలచిన పాలకుడికి, శిక్ష అని పేరు పెట్టనవసరం లేని మార్గం ఒకటి అలా మిగిలింది. పోలీసు బలగాన్ని ప్రభుత్వం గుప్పిట్లో ఉంచిన 1861 నాటి చట్టం తెల్లవాడు రాసుకున్నది. వాడు పోయాక వచ్చిన వారెవరికీ ఆ గుప్పిలి విప్పాలనిపించలేదు.

1977 అక్టోబరు 3న ఇందిరాగాంధీని అరెస్టు చేసిన సి.బి.ఐ. అధికారి ఎన్.కె.సింగ్. పదమూడేళ్లు గడిచాక, సి.బి.ఐ.లో జాయింట్ డైరెక్టరుగా, ఆయన సెయింట్ కిట్స్ ఫోర్జరీ కేసు దర్యాప్తు చూస్తున్నారు. 1991 జనవరిలో, చంద్రశేఖర్ ప్రధానిగా ఉన్న రోజుల్లో, ఆయనను సరిహద్దు భద్రతా దళానికి బదిలీ చేశారు. జీతం తగ్గలేదు, హోదా తగ్గలేదు. పోయింది చేతిలోని కేసు మాత్రమే. దర్యాప్తు నుంచి తప్పించడానికే ఈ పని చేశారని ఆయన అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్‌కు వెళ్లి ఓడారు. సుప్రీంకోర్టుకు వెళ్లి 1994 ఆగస్టులో అక్కడా ఓడారు. దురుద్దేశం రుజువు కాలేదన్నది కోర్టు. అంతటితో ఆగలేదు. సొంత హక్కుకు భంగం కలగనప్పుడు, ఈ బదిలీవల్ల బాధపడే ప్రజాజీవితంలోని వారికే ఆ పోరాటం వదిలిపెట్టి ఉండవలసిందని కూడా హితవు చెప్పింది.

ఆ హితవు ఆయన ఎలా విన్నారో చూడండి. 1996లో ఉత్తరప్రదేశ్, అస్సాం పోలీసులకు అధిపతిగా పనిచేసిన ప్రకాశ్ సింగ్, ‘కామన్ కాజ్’ సంస్థ కలిసి పోలీసు సంస్కరణల కోసం సుప్రీంకోర్టులో ప్రజాప్రయోజన వ్యాజ్యం వేసినప్పుడు, అర్జీదారులలో రెండో పేరు ఎన్.కె.సింగ్‌ది. ఈసారి అడిగింది తన కుర్చీ కోసం కాదు. పదేళ్లు పట్టింది. 2006 సెప్టెంబరు 22న తీర్పు వచ్చింది: రాష్ట్ర పోలీసు అధిపతికి, జిల్లా ఎస్.పి.కి, స్టేషన్ హౌస్ ఆఫీసరుకు కనీసం రెండేళ్ల పదవీకాలం ఉండాలి, డి.ఎస్.పి., ఆ కింది స్థాయి బదిలీలు పోలీసు ఎస్టాబ్లిష్‌మెంట్ బోర్డు చూడాలి. ఒక ఉద్యోగి సొంత గోడుగా ఓడిపోయిన వాదం ప్రజల హక్కుగా గెలిచింది.

గెలిచింది నిజంగానేనా? ఇక్కడ మన సంఘం వారు నొచ్చుకునే సంగతి ఒకటి చెప్పక తప్పదు. 2016 మేలో కేరళలో వామపక్ష ప్రభుత్వం వచ్చింది. రోజులు తిరక్కముందే, నిరుటి మేలో పోలీసు అధిపతిగా నియమితుడైన టి.పి.సెన్‌కుమార్‌ను పోలీసు గృహనిర్మాణ సంస్థకు పంపింది. పుట్టింగల్ గుడి బాణసంచా ప్రమాదాన్నీ, పెరుంబావూరు హత్యకేసునూ చూపి, ప్రజల్లో అసంతృప్తి ఉందన్నది. ట్రిబ్యునల్, హైకోర్టు ప్రభుత్వం మాటే నమ్మాయి. సుప్రీంకోర్టు మాత్రం 2017 ఏప్రిల్ 24న, ఆయన పట్ల అన్యాయంగా, ఇష్టానుసారంగా వ్యవహరించారని తేల్చి తిరిగి నియమించమన్నది. ప్రభుత్వం వివరణ కావాలంటూ మళ్లీ కోర్టుకెక్కి ఇరవై అయిదు వేల రూపాయల ఖర్చులు నెత్తిన వేయించుకుంది. ఆయన కుర్చీలో కూర్చునేసరికి మే నెల వచ్చింది. జూన్ 30న పదవీ విరమణ. ఏడాది పైగా రావలసిన కాలంలో దక్కింది రెండు నెలలకు లోపే. జెండా రంగు మారితే గుప్పిలి దానంతటదే వదులవుతుందని రాసే మన విమర్శకులు ఈ తీర్పు ఒకసారి చదవాలి. నేనూ అలా రాసినవాణ్ణే.

మరొక మాట. పైన పేర్కొన్న వారంతా పెద్ద అధికారులు. ఢిల్లీ దాకా వెళ్లగలిగిన వారు. 2006 తీర్పు ఇచ్చిన రెండేళ్ల హామీ స్టేషన్ హౌస్ ఆఫీసరు దగ్గరే ఆగిపోయింది. కానిస్టేబులుకు మిగిలింది బోర్డు. ఆ బోర్డులో కూర్చునేది డైరెక్టర్ జనరల్, మరి నలుగురు సీనియర్ అధికారులు. అంటే అతను ఎవరికి సెల్యూట్ కొడతాడో వారే. రావిశాస్త్రి విశాఖ కోర్టుల్లో ప్లీడరీ చేస్తూ ‘ఆరు సారా కథలు’లో పోలీసుల్ని ఎంత దగ్గరగా చూపించాడో మనకు తెలుసు. ఆ తరవాత మన కథల్లో పోలీసు లాఠీతో వస్తాడు, లంచంతో వస్తాడు. బదిలీ కాగితం జేబులో పెట్టుకుని, పిల్లల బడి పేరు కొట్టించడానికి నా గదికి వచ్చి నిలబడిన కానిస్టేబుల్ని నేను మూడుసార్లు చూశాను. కథలో ఒక్కసారీ చూడలేదు.