పొద్దును ఆపినవాళ్ళు

కాలాన్ని ఆపాలనుకున్నప్పుడు మన పాత కథకులు గంటల జోలికీ గడియల జోలికీ పోలేదు. నేరుగా పొద్దునే పట్టుకున్నారు. మార్కండేయ పురాణంలో సుమతి చేసింది అదే. కుష్ఠురోగి అయిన మొగుణ్ణి భుజాన మోసుకుని చీకట్లో పోతుంటే, కొరతమీదున్న మాండవ్యుడికి అతని కాలు తగిలింది. తెల్లవారేసరికి చస్తావని ముని శపించాడు. అయితే తెల్లవారనే వద్దంది ఆ ఇల్లాలు. సూర్యుడు రాలేదు.

తిక్కన శిష్యుడు మారన కాకతీయుల కాలంలో ఈ పురాణాన్ని తెనిగించాడు. ఇందులో నాకు నచ్చేది ఆవిడ శపథం కన్నా, తర్వాత జరిగిన గొడవ. యజ్ఞాలు ఆగిపోయాయి, హవిస్సులు అందక దేవతలు కంగారుపడ్డారు, చివరికి వెళ్ళి అనసూయను బతిమాలుకున్నారు. ఒక్కరి పసుపుకుంకుమల కోసం లోకమంతా చీకట్లో కూర్చోవాల్సి వచ్చింది. అదే మా నరసాపురంలో జరిగిందనుకోండి. వశిష్ఠ గోదావరి అవతల సఖినేటిపల్లి వైపు పొద్దు పొడవకపోతే రేవులో పంటు కదలదు. అరుగు మీద లేసు అల్లేవాళ్ళకు దారం కనబడదు, ఆ రోజు కూలీ రాదు. పురాణానికి ఈ సంగతి తెలుసు. అందుకే సుమతిని మెచ్చుకుంటూనే సూర్యుణ్ణి మళ్ళీ రప్పించింది, చచ్చిన మొగుణ్ణి అనసూయ చేత బతికించింది.

భారతంలో కృష్ణుడిది మరీ గడుసు ఎత్తు. పొద్దుగుంకేలోగా సైంధవుణ్ణి చంపకపోతే అగ్నిలో దూకుతానని అర్జునుడు ప్రతిజ్ఞ పట్టాడు. కృష్ణుడు సూర్యుడికి చీకటి అడ్డం పెట్టాడు. పొద్దు పోయిందని కౌరవసేన సంబరపడింది. అంతసేపూ సేన మధ్య దాక్కున్న సైంధవుడు తలెత్తి పడమటికి చూశాడు. అర్జునుడికి ఆ మెడ చాలు. ఇక్కడ కాలం ఆగనూ లేదు, ముందుకు దూకనూ లేదు. దూకిందని శత్రువు నమ్మాడు, అంతే. నన్నడిగితే కెమెరా పుట్టకముందే పుట్టిన సినిమా ట్రిక్కు ఇది. 1957లో మాయాబజార్‌లో మార్కస్ బార్ట్లే కాయించిన వెన్నెల ఈ తోవలోదే.

అనసూయ కథ తెరకెక్కడం ఆగలేదు: 1936, 1957, 1971. తర్వాత పౌరాణికాల జోరు తగ్గింది. 1991లో సింగీతం శ్రీనివాసరావు ఆదిత్య 369లో కాలయంత్రమే తెచ్చి మనల్ని 1526లోని రాయలవారి కొలువుకీ, అక్కణ్ణించి 2504కీ తిప్పాడు. పొద్దుతో పనిలేకుండా కాలం కదలడం మన ప్రేక్షకులకు అక్కడే బాగా అలవాటైంది.

నరసాపురం చుట్టుపక్కలవాళ్ళు ఈ మాయల రంగంలోకి దిగింది ఆ తర్వాతే. పాలకొల్లు, మొగల్తూరు రెండూ ఇక్కడికి కూతవేటు. కోడి రామకృష్ణది పాలకొల్లు. చిరంజీవిది మొగల్తూరు, డిగ్రీ చదివింది నరసాపురం వై.ఎన్. కాలేజీలో. 1982లో ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్యతో ఒకరు దర్శకుడిగా మొదలైతే, అందులో హీరో రెండోవారు. అప్పుడు వాళ్ళ చేతుల్లో గ్రాఫిక్సూ లేవు, దేవుళ్ళూ లేరు. 1995లో అమ్మోరుతో కోడి రామకృష్ణకు గ్రాఫిక్స్ రుచి తగిలింది. 1990ల చివర్లో చిరంజీవితో మొదలుపెట్టిన అంజి 2004 సంక్రాంతికి గానీ బయటికి రాలేదు.

అంజి కథలో డెబ్భై రెండేళ్ళకోసారి ఆకాశగంగ దిగివచ్చి ఆత్మలింగాన్ని తడుపుతుంది. ఆ తీర్థం తాగినవాడికి చావుండదు. దానికోసం కాచుకున్న భాటియాగా టీనూ ఆనంద్ నటించాడు. ఆదిత్య 369లో కాలయంత్రం కట్టిన ప్రొఫెసర్ కూడా ఈయనే కావడం చూస్తే నవ్వొస్తుంది. ఆకాశం వెలిగిపోయి గంగ ధారగా దిగే ఘట్టాన్ని ఆ రోజుల్లో జనం కళ్ళార్పకుండా చూశారు. స్పెషల్ ఎఫెక్ట్స్‌కు జాతీయ పురస్కారం కూడా వచ్చింది. ఖర్చుకు తగ్గ వసూళ్ళు మాత్రం రాలేదు. పురాణంలో పొద్దు ఆగితే లోకానికి నష్టం, సినిమాలో నిర్మాతకి. అయినా అంజిని మనవాళ్ళు చాలా తొందరగా మరిచిపోయారనే నా ఫిర్యాదు.

2022లో బింబిసార మాయా దర్పణంలోంచి రాజును మన కాలంలోకి విసిరింది. సరదాగా పోతుంది.

2024లో వచ్చిన కల్కి 2898 ఏడీ వేరు. హీరో ప్రభాస్. మొగల్తూరు కృష్ణంరాజు తమ్ముడి కొడుకు. తీసింది నాగ్ అశ్విన్, వెనక సలహాదారుగా నిలబడింది ఆ సింగీతమే. కానీ నా కళ్ళు అమితాబ్ వేసిన అశ్వత్థామ మీదే ఉన్నాయి. నొసటి మణి పోయింది, చావు రాదు, వేల ఏళ్ళుగా పుండుతో తిరుగుతున్నాడు. అంజిలో భాటియా ఎంతకైనా తెగించి కోరిన వరమే ఇక్కడ శిక్ష అయింది. ఇరవై ఏళ్ళలో మన తెర మళ్ళీ వ్యాసుడి దగ్గరికి వెళ్ళింది. ఈసారి సుమతి దగ్గరికి కూడా వెళ్తే చూడాలనుంది. ఆ కథలో ముప్పాతిక భాగం చీకటే కాబట్టి గ్రాఫిక్స్ ఖర్చు గురించి నిర్మాత బెంగపడక్కర్లేదు.