మహారాష్ట్ర పంచాంగము – పండుగల యైకమత్యము



చైత్ర శుద్ధ పాడ్యమినాడు మనము ఉగాది పచ్చడి నారగించుచుండగా, మహారాష్ట్రులు వెదురుగడకు పట్టువస్త్రమును, వేపమండను, పూలదండను గట్టి, పైని చెంబు బోర్లించి ‘గుఢీ’ నెత్తుదురు. శాలివాహన శకమును, అమావాస్యతో ముగియు మాసమును ఇరువురకు సమానములు. కృష్ణాష్టమి మనకువలెనే వారికిని శ్రావణ బహుళమున వచ్చును. పూర్ణిమాంత మాసము పాటించు ఔత్తరాహులు ఆ దినమునే భాద్రపద కృష్ణాష్టమి యందురు.

చాంద్ర సంవత్సరమునకు సుమారు 354 దినములు, సౌరమునకు 365. ఏటేట మిగులు పదునొకండు దినములు కూడగా, ఇంచుమించు 32 నెలల కొకపరి సంక్రాంతి లేని మాసము వచ్చును. అదియే అధికమాసము. మహారాష్ట్రులు దానిని ‘ధోండా’ మాసమని, అల్లుని బిలిచి మన అరిసెలను బోలు అనరసెలతో గౌరవింతురు. ఈ సర్దుబాటు లేనిచో ఆషాఢ శుద్ధ ఏకాదశినాటి పండరియాత్ర వానకాలమును విడిచి వేసవికి జరిగిపోవును; శ్రావణ అమావాస్యనాడు ఎద్దులను బూజించు ‘పోళా’ సేద్యపు పనులతో పొత్తు గోల్పోవును.

కొంకణమందలి నందిగ్రామవాసియగు గణేశ దైవజ్ఞుడు 1520లో గ్రహలాఘవమును రచించెను. మహారాష్ట్ర పంచాంగకర్తలు శతాబ్దుల పర్యంతము దానినే యనుసరించిరి. కాలక్రమమున లెక్కకును ఆకాశమునకును ఎడ మేర్పడెను. అంతట కేరో లక్ష్మణ ఛత్రే పండితుడు 1860లో నూతన గ్రహకోష్ఠకములను బ్రకటించెను. ఆ మార్గమున పట్వర్ధనీ పంచాంగము వెలసెను. లోకమాన్య తిలకు ఆ సంస్కరణమును సమర్థించెను.

అయినను చిక్కు తీఱలేదు. ఈ పద్ధతి రేవతీ నక్షత్రమును రాశిచక్రమునకు మొదలుగా గొనుటచే సంక్రాంతులు ఇతర పంచాంగములకన్న సుమారు నాలుగు దినములు ముందే వచ్చును. తన్మూలమున కొన్ని యేండ్ల అధికమాసమే మాఱి, ఒక యింట దీపావళి జరిగిన నెలకు గాని వేఱొక యింట జరుగకుండును.

1952లో మేఘనాథ సాహా అధ్యక్షతన ఏర్పడిన సంఘము పంచాంగములను పరిశీలించెను. 1957 మార్చి 22న జాతీయ పంచాంగము అమలులోనికి వచ్చెను. ఐనను పండుగలకు జనులు తమ తమ పంచాంగములనే చూతురు. మనలోను దృక్సిద్ధాంత, పూర్వసిద్ధాంత వివాదములు లేకపోలేదు. పండుగ బంధువులను గూర్చుటకే గదా! గణితము ఆకాశముతో సరిపోవలెను. దినము నెల్లరు గూడి నిర్ణయింపవలెను. తిథి కొఱకు చుట్టఱికమును దెంచుకొనుట మనకు దగదు.