మొరాయించిన యంత్రము – చెక్కుచెదరని యక్షరము

గ్రంథాలయపు తాళపుచెవి పోయినంత మాత్రమున అందలి గ్రంథములు నశింపవు. ద్వారము తెరువరాదు, చదువరులు వాకిట నిలిచి తిరిగిపోవుదురు, అయినను లోపల బీరువాలును, బీరువాలలోని పుస్తకములును ఎప్పటియట్లే యుండును. కంప్యూటరు విషయమునను ఇట్టిదే జరుగుచుండును. ఒకనాటి యుదయమున మీట నొక్కగా యంత్రము మేల్కొనదు. నల్లని తెరపై ఒక పంక్తి కనుపించి నిలిచిపోవును. ఏండ్ల తరబడి దాచుకొన్న లేఖలు, లెక్కలు, వ్రాతప్రతులు, ఛాయాచిత్రములు అన్నియు పోయినవని యజమానుని గుండె జారిపోవును. కాని పెక్కు సందర్భములలో పోయినది ద్వారమే కాని ధనము కాదు. ఈ భేదమును మానవుడు గ్రహించి, మూగవోయిన యంత్రములనుండి అక్షరమును వెలికి తెచ్చుకొన్న చరిత్ర, గ్రంథములను ప్రేమించువారు తెలిసికొనదగినది.

1956లో అమెరికాలోని ఐ.బి.యమ్. సంస్థ రామాక్ అను యంత్రముతోపాటు మొట్టమొదటి హార్డ్ డిస్కును లోకమునకు చూపెను. రెండడుగుల వ్యాసముగల 50 పళ్లెములు ఒకే యిరుసుపై తిరుగుచుండెడివి. ఆ పరికరము బరువు ఒక టన్ను. అందు పట్టినవి సుమారు 50 లక్షల అక్షరములు మాత్రమే. పరిమాణమెట్లున్నను దాని సూత్రము గొప్పది. పళ్లెముపై పూసిన అయస్కాంతపు పూతలో వ్రాత నిలుచును. కరెంటు పోయినను ఆ వ్రాత చెరగదు. ఆలోచించు భాగము వేరు, జ్ఞాపకముంచుకొను భాగము వేరు. ఒకటి చెడినను రెండవది మిగులవచ్చును. అక్షరోద్ధరణ విద్యకంతకును ఈ విభజనమే పునాది.

అయితే యంత్రము మేల్కొనుటలో ఒక చిక్కు కలదు. ఏ పని చేయవలెనన్నను కంప్యూటరునకు ఆజ్ఞలు కావలెను. ఆ యాజ్ఞలను డిస్కునుండి చదువుటకును మరికొన్ని ఆజ్ఞలు కావలెను. తన బూట్ల పట్టీలను తానే పట్టుకొని తన్ను తాను పైకి లేపుకొనుట వంటిదని ఇంగ్లీషువారు దీనిని వర్ణించిరి. కంప్యూటరు బూటగుట అను మాట అందుండి వచ్చినదే. 1975లో వెలువడిన ఆల్టేర్ 8800 అను చిన్న యంత్రమునకు దాని యజమాని ముందు పలకపైనున్న మీటలను ఒక్కొక్కటిగా పైకిని క్రిందికిని త్రిప్పి తొలి యాజ్ఞలను చేతితో అందింపవలసి యుండెను. 1981లో ఐ.బి.యమ్. వారి పర్సనల్ కంప్యూటరు వచ్చునప్పటికి ఆ తొలి యాజ్ఞలు బయాస్ అను పేర ఒక చిప్పులో శాశ్వతముగా నిలిచెను. 1983 నుండి ఆ వర్గపు యంత్రములలో హార్డ్ డిస్కు చేరినది. బయాస్ మొదట మేల్కొని, డిస్కుపై మొట్టమొదటి గదిలోని 512 బైట్లను చదువును. ఆ చిన్న వ్రాత తరువాతి దానిని పిలుచును. అది ఆపరేటింగ్ సిస్టమును లేపును. ఈ గొలుసులో ఏ కొక్కెము తెగినను యంత్రము లేవదు. తెగిన కొక్కెము ఆ 512 బైట్లలోనిదే యైనచో, తక్కిన డిస్కంతయు క్షేమముగా నుండియు, చూచువారికి సర్వము నశించినట్లే తోచును.

ఇక డిస్కులో ఫైలులు అమరిన విధము చూడవలెను. గ్రంథాలయమునందు పట్టిక ఎట్టిదో డిస్కునందు ఫ్యాట్ అను పట్టిక అట్టిది. ఏ ఫైలు ఏ గదిలో మొదలై ఏయే గదులలో సాగినదో అది తెలుపును. ఒక ఫైలును తుడిచివేసినప్పుడు యంత్రము ఆ గదులను వెంటనే శుభ్రము చేయదు. పేరులోని మొదటి యక్షరమును మార్చి, గదులు ఖాళీయని పట్టికలో వ్రాసికొని యూరకుండును. పట్టికనుండి పేరు కొట్టివేసినను పుస్తకము బీరువాలోనే యున్నట్లు, ఆ వ్రాత క్రొత్త వ్రాత వచ్చి పైబడువరకు అక్కడనే యుండును. ఈ కీలకమును ఆధారము చేసికొని 1982లో పీటర్ నార్టన్ అను అమెరికా దేశీయుడు తుడిచిన ఫైలులను మరల తెచ్చు ప్రోగ్రామును ప్రకటించెను. ఈ విద్యలోని ప్రథమ నీతి నేటికిని అదే: పోయినదని తెలిసిన క్షణమున చేయి ఆపవలెను. తొందరపడి ఆ డిస్కుపైననే క్రొత్తగా సిస్టము నెక్కించినవారు, యంత్రమును బ్రతికించుకొని వ్రాతను చంపుకొన్నవారైరి.

1999వ సంవత్సరము ఏప్రిల్ 26వ తేదీన ఈ విద్యకు కఠిన పరీక్ష వచ్చినది. తైవాను విద్యార్థి యొకడు అంతకు ముందటి సంవత్సరము వ్రాసిన సి.ఐ.హెచ్. అను వైరసు ఆనాడు మేల్కొనెను. చెర్నోబిల్ అణుప్రమాదము జరిగినదియు ఆ తేదీననే యగుటచే లోకమున దానికి చెర్నోబిల్ వైరసని పేరు వచ్చెను. అది రెండు విధముల దెబ్బ తీసెను. డిస్కులోని మొదటి మెగాబైటును పనికిరాని వ్రాతతో కప్పివేసెను. కొన్ని యంత్రములలో బయాస్ చిప్పులోని యాజ్ఞలనే చెరపెను. కొరియా మొదలుగా ఆసియా దేశములందు అసంఖ్యాకముగా కంప్యూటర్లు ఉదయమున లేవలేదు. తొలి గదియు, దానితోపాటు పట్టికయు పోయెను. ఇక దిక్కు లేదని యెందరో అనుకొనిరి.

కాని ఆ పట్టికను రూపొందించినవారు దూరదృష్టితో ఒక పని చేసియుండిరి. పట్టికకు రెండవ ప్రతిని కూడ డిస్కులో నుంచిరి. అప్పటికి వాడుకలోనికి వచ్చిన పెద్ద డిస్కులలో మొదటి పట్టికయే మెగాబైటును మించియుండుటచే, రెండవ ప్రతి వైరసు చేతికి అందని దూరమున మిగిలెను. స్టీవ్ గిబ్సన్ అను ప్రోగ్రామరు ఈ రెండవ ప్రతి యాధారముతో డిస్కును మరల నిలువబెట్టు సాధనమును వ్రాసి లోకమునకు ఉచితముగా నిచ్చెను. దండెత్తినవాడు ముంగిలిని కూల్చెను. పెరటి గదిలోని ప్రతి ఇంటిని నిలబెట్టెను.

మరుసటి సంవత్సరము, అనగా 2000లో, జర్మనీ దేశమున క్లౌస్ నాపర్ అను ఇంజనీరు నాపిక్స్ అను సీడీని వెలువరించెను. కంప్యూటరునందలి డిస్కును తాకకయే, ఆ సీడీలోని లినక్సు సిస్టముతోనే యంత్రము మేల్కొనును. పూర్వము తెలియని ఉపాయము కాదిది. ఫ్లాపీలనుండి యంత్రములను లేపుట పాతదే. అయినను కిటికీలును, బొమ్మలును గల సంపూర్ణ సిస్టము ఇట్లు సులభముగా లభించుటతో సామాన్యునకును దారి ఏర్పడెను. తన యింటి తలుపు తెరచుకొననప్పుడు పొరుగింటి నిచ్చెన తెచ్చుకొని మిద్దెమీదుగా దిగినట్లు, పరాయి సిస్టముతో లోనికి ప్రవేశించి ఫైలులను వేరొక డిస్కునకు ఎక్కించుకొనవచ్చును. నేడు సీడీ స్థానమును పెన్‌డ్రైవు ఆక్రమించినది. ఉపాయము మాత్రము మారలేదు.

2003 ఫిబ్రవరి 1వ తేదీ భారతీయులు మరువరాని దినము. కర్నాలులో పుట్టిన కల్పనా చావ్లాతో కలిపి ఏడుగురు వ్యోమగాములు ప్రయాణించిన కొలంబియా నౌక భూమికి తిరిగివచ్చుచు ఆకాశమున ముక్కలైపోయెను. అందరును మరణించిరి. ఆ నౌకలో సెనాన్ వాయువుయొక్క చిక్కదనమును కొలుచు ప్రయోగమొకటి జరిగియుండెను. ఫలితములలో కొంత భాగము ప్రయాణ కాలముననే భూమికి చేరినది; తక్కినది నౌకలోని హార్డ్ డిస్కులో నుండిపోయినది. కొన్ని నెలల తరువాత టెక్సాస్ రాష్ట్రమున ఎండిన చెరువు గర్భములో ఆ డిస్కు దొరకెను. అప్పటికది డిస్కువలె లేదు. కాలి కమిలిన లోహపు ముద్ద. మూత అంచున గాలి చొరనీయక మూసియుంచు పట్టీ కాలిపోగా లోనికి దుమ్ము చేరెను.

మిన్నెసోటాలోని ఒక పరిశోధనాలయమున జాన్ ఎడ్వర్డ్స్ అను ఇంజనీరు దానిని విప్పిచూచెను. పళ్లెములు వంకర పోలేదు. వానిని రసాయన ద్రవముతో కడిగి, క్రొత్తగా అమర్చిన వేరొక పరికరములో నిలిపి చదివించెను. వ్రాతలో నూటికి తొంబదితొమ్మిది పాళ్లు చేతికి వచ్చెను. దీనికి అదృష్టమును తోడ్పడినది. డిస్కు సగమే నిండియుండెను. దెబ్బతిన్న చోటులు వ్రాత లేని చోటులయ్యెను. అది డాస్ అను పాత సిస్టముతో నడచినదగుటచే వ్రాత అక్కడక్కడ చెదరక యొకచోటనే కూడియుండెను. అదే నౌకనుండి దొరకిన మరి రెండు డిస్కులు ఒక్క యక్షరమునైనను ఈయలేదు. చిలికినకొలది పెరుగు పలుచనగునట్లు సెనానుకూడ కదపినకొలది పలుచనగునని తెలుపు ఆ ప్రయోగఫలితము 2008లో శాస్త్రపత్రికలో వెలువడెను. యంత్రము బూడిదయైనను, దానిని నడపినవారు లేకపోయినను, వారి శ్రమఫలము నిలిచెను.

మరుసటి సంవత్సరము యంత్రమును విప్పుటకే వీలులేని చోట ఇట్టి ఆపద వచ్చినది. అమెరికావారు పంపిన స్పిరిట్ అను సంచారయంత్రము 2004 జనవరి 4న అంగారక గ్రహముపై దిగెను. జనవరి 21న దాని మాట ఆగిపోయెను. దాని కంప్యూటరు లేచుట, పడిపోవుట, మరల లేచుట, ఇట్లు అరువదికి పైగా పర్యాయములు జరిగెను. రాత్రులయందు నిద్రింపక బ్యాటరీని కూడ తినివేయసాగెను. భూమినుండి కోట్లాది కిలోమీటర్ల దూరమున నున్న యంత్రము అది, మూత విప్పువారెవరు? ఇంజనీర్లు అనుమానమును ఫ్లాష్ జ్ఞాపకశాలపై నిలిపిరి. కరెంటు పోయినను వ్రాతను నిలుపుకొను భాగమది. ఆ భాగమును పట్టించుకొనకయే మేల్కొనుమని ఆజ్ఞ పంపిరి. యంత్రము లేచి కుదురుగా నిలిచెను. ప్రయాణకాలమునుండి పేరుకొన్న వేలాది ఫైలుల పట్టిక భారమే రోగమని తేలెను. అక్కరలేని ఫైలులను తొలగించి, ఫిబ్రవరి 6న ఆ భాగమును శుద్ధిచేసి క్రొత్తగా నిలిపిరి. స్పిరిట్ ఆ తరువాత ఆరేండ్లు పనిచేసి, 2010 మార్చిలో తుదిమాట పలికెను. ఇంటి కంప్యూటరునకు పెన్‌డ్రైవుతో చేయు చికిత్సకును దీనికిని సూత్రము ఒక్కటే: రోగియైన భాగమును నమ్మక వేరొక దారిన లేవవలెను.

ఈ విజయములను చూచి ఎల్లప్పుడును ఇట్లే జరుగునని భ్రమపడరాదు. ఇటీవలి సాలిడ్ స్టేట్ డ్రైవులు తుడిచిన గదులను తామే శుభ్రపరచుకొనును. అందు నార్టన్ నాటి యాశకు తావు తక్కువ. దొంగలనుండి రక్షణకై వ్రాతనంతయు గుప్తలిపిలోనికి మార్చు పద్ధతి వచ్చినది. దాని తాళపుచెవి వంటి సంఖ్య పోయినచో యంత్రమును లేపినను, డిస్కును విప్పినను, కనుపించునది అర్థము లేని అక్షరరాశి మాత్రమే.

వ్రాత దొరకుట వేరు, చదువనగుట వేరు. తెలుగువారికి ఇది అనుభవమే. తెలుగు లిపికి యూనికోడు 1991లోనే తన తొలి రూపమున స్థానమిచ్చినను, అది వాడుకలో స్థిరపడుటకు చాలకాలము పట్టెను. ఆ నడిమి కాలమున అచ్చుశాలలలో కూర్చిన గ్రంథములు ఎవరి ఫాంటు వారిదిగా సాగినవి. నేడు పాత కంప్యూటరునుండి అట్టి ఫైలును శ్రమపడి వెలికితీసినను, తగిన ఫాంటు లేనిచో తెలుగక్షరములకు మారుగా గజిబిజి గుర్తులే కానవచ్చును. కావున ఫైలుతోపాటు దానిని చదువు సాధనమునుకూడ భద్రపరుపవలెను. పాత వ్రాతలను యూనికోడులోనికి మార్చి యుంచవలెను.

రెండవ ప్రతియొక్క విలువ తెలుగుదేశమునకు క్రొత్త కాదు. తాటియాకులు పురుగుల వాతబడును, తడికి కుళ్లును. ఆ గ్రంథములు తరతరములు నిలిచినది ఆకుల గట్టితనము వలన గాదు, మరల మరల వ్రాసిన లేఖకుల ఓపిక వలన. పందొమ్మిదవ శతాబ్దమున చార్లెస్ ఫిలిప్ బ్రౌను కడపలో పండితులను నియమించి, శిథిలమగుచున్న తాళపత్రములను సేకరించి, ఒక్కొక్క గ్రంథమునకు పెక్కు ప్రతులు తెప్పించి, వానిని పోల్చి, శుద్ధప్రతులు వ్రాయించెను. ఒక ప్రతిలో చెడిన పద్యము వేరొక ప్రతిలో నిలిచియుండుటచే వారి శ్రమ ఫలించెను. సి.ఐ.హెచ్. వైరసు దెబ్బకు డిస్కులను కాపాడిన రెండవ పట్టికయు, వేమన పద్యములను మనకు దక్కించిన రెండవ తాళపత్రమును ఒకే ధర్మమును చాటుచున్నవి.

మొరాయించిన యంత్రమునుండి అక్షరమును వెలికితీయుట గొప్ప విద్యయే. కాని అట్టి యవసరము రాకుండ ముందే వేరొక ప్రతిని వేరొకచోట నుంచుట అంతకంటె గొప్ప వివేకము. పాతికేండ్లుగా ఒక గ్రామమున పుస్తకములకు అట్టలు వేయించి, చిరిగిన పుటలు అతికించి, పట్టికలు వ్రాసి కాపాడుచు వచ్చిన గ్రంథాలయము చేసినదియు ఈ పనియే. తాళపత్రము పోయి కాగితము వచ్చినది. కాగితము ప్రక్కన డిస్కు వచ్చి చేరినది. రేపు మరియొకటి రావచ్చును. వచ్చునది ఏదైనను, ప్రతి వ్రాసి దాచు చేయి ఉన్నంతకాలము అక్షరము పేరునకు తగినట్లు క్షరము కానిదై వర్ధిల్లును.