మ్యాచ్‌లోకి ఎట్లా పోయేటోళ్లం? నెట్ సెంటర్ ఐపీ నుంచి రూమ్ ఐడీ దాకా

ఈ ఎపిసోడ్‌కు మూలం మా అక్క కొడుకు. తొమ్మిదో తరగతి. మొన్న ఆదివారం పక్కన కూర్చుని బీజీఎంఐ ఆడుతూ, "మామా, మీ చిన్నప్పుడు ఈ స్టార్ట్ బటన్ లేకపోతే మ్యాచ్‌లోకి ఎట్లా పోయేటోళ్లు?" అన్నాడు. వాడికి తెలిసిన లోకంలో మ్యాప్ ఎంచుకోవాలి, స్క్వాడ్ అని పెట్టాలి, పసుపు బటన్ నొక్కాలి. అర నిమిషం కాకముందే 100 మంది ఒక దీవి మీద నిలబడి ఉంటారు. ఆ 100 మంది ఎక్కడి నుంచి వచ్చారు, వాళ్లను ఎవరు ఎంచారు, మనల్ని వాళ్లతోనే ఎందుకు కలిపారు? ఇవి వాడు అడగలేదు గానీ, నాకు అసలు కథ అక్కడే ఉంది అనిపించింది.

ముందు కంప్యూటర్ లేని ముచ్చట. మా జనగామ గల్లీల్లో కబడ్డీకో, క్రికెట్‌కో రెండు జట్లు చేయాలంటే ఒక పద్ధతి ఉండేది. ఆటలో సరిసమానంగా ఉన్న ఇద్దరు పక్కకు పోయి రహస్యంగా పేర్లు పెట్టుకుని వచ్చేవాళ్లు. "సూర్యుడు కావాల్నా, చంద్రుడు కావాల్నా?" అని ఇద్దరు కెప్టెన్లను అడిగేవాళ్లు. ఒక కెప్టెన్ సూర్యుడు అంటే ఆ పోరడు ఆ జట్టుకు, ఇంకొకడు ఈ జట్టుకు. సరిజోడును తెలుగులో ఉద్ది అంటారు. చూడండి, ఎంత తెలివైన పద్ధతో! గట్టోళ్లంతా ఒకే పక్కకు పోకుండా, ఎవరికీ అలక రాకుండా, ఆట మొదలయ్యే ముందే బలాబలాలు సరిపోయేవి. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, మళ్లీ పని పడుతుంది.

కంప్యూటర్ ఆటల్లోకి వస్తే, 1993 డిసెంబర్‌లో వచ్చిన డూమ్‌లో ఒకే ఆఫీసులోనో, కాలేజీలోనో వైరుతో కలిపిన నాలుగు కంప్యూటర్ల మీద నలుగురు కొట్లాడుకోవచ్చు. 1996లో క్వేక్ వచ్చి ఇంటర్నెట్ మీద సర్వర్ పెట్టుకునే దారి చూపింది. అయితే సర్వర్ అడ్రస్ నీకు తెలిసి ఉండాలి. తెలియనివాళ్ల కోసం క్వేక్‌స్పై అని ఒక చిన్న ప్రోగ్రామ్ పుట్టింది. ఏ సర్వర్ ఎక్కడుంది, ఎంతమంది ఉన్నారు అని జాబితా చూపేది. అదే తర్వాత గేమ్‌స్పై అయింది. అంటే ఎక్కడ ఆడాలో, ఎవరితో ఆడాలో మనిషే చూసుకుని తలుపు కొట్టేవాడు.

మన దగ్గర ఆ తలుపు పేరు నెట్ సెంటర్. నేను ఏడో ఎనిమిదో తరగతిలో ఉన్నప్పుడు స్టేషన్ వైపు పోయే దారిలో ఒకటి ఉండేది. ఎనిమిది కంప్యూటర్లు, ప్లైవుడ్ అడ్డాలు, గంటకు 15 రూపాయలు. పగలంతా ఎంసెట్ ఫలితాలు, హాల్ టికెట్లు, బయోడేటా ప్రింట్లు. సాయంత్రం ఆరు దాటితే కౌంటర్ స్ట్రైక్ 1.6. అది 2003 నాటి వెర్షన్. పాత డబ్బాల మీద కూడా నడుస్తుంది కాబట్టే మన ఊళ్లల్లో అన్నేళ్లు బతికింది.

మ్యాచ్‌లో చేరడం అంటే ఇట్లా ఉండేది. ఒకరు సర్వర్ పెట్టాలి, సాధారణంగా సెంటర్ అన్నే. ఆయన కుర్చీలో నుంచి లేవకుండానే "192.168.1.5" అని అరిచేవాడు. మేమంతా కన్సోల్ తెరిచి, కనెక్ట్ అని కొట్టి, ఆ అంకెలు కొట్టాలి. ఒక్క చుక్క తప్పితే లోపలికి పోము. తర్వాత నేను బీటెక్‌లో కంప్యూటర్ నెట్‌వర్క్స్ సబ్జెక్ట్ చదివినప్పుడు సార్ ప్రైవేట్ ఐపీ అడ్రస్ గురించి చెబుతుంటే క్లాసులో నలుగురైదుగురం నవ్వుకున్నాం. మాకు ఆ పాఠం అప్పటికే అయిపోయింది, గంటకు 15 చొప్పున.

అక్కడ ఎవరు ఆడాలో అన్న చేతిలో ఉండేది. కొత్త పోరడు వస్తే కుర్చీ ఖాళీ లేదు అనొచ్చు, బూతులు మాట్లాడినోణ్ని లేపి పంపొచ్చు, పదో తరగతి పరీక్షలున్నోణ్ని చూసి "మీ బాపుకు చెప్పాల్నా?" అనొచ్చు. అమ్మాయిలు ప్రింట్ తీసుకుని వెళ్లిపోయేవాళ్లు. ఆ కుర్చీల్లో ఒక్కరోజు కూడా ఒక అమ్మాయి కూర్చోవడం నేను చూడలేదు. దాన్ని మనం బంగారు కాలం అని చెప్పుకోవద్దు.

ఆ తర్వాత ఫోన్లు. ఇంజనీరింగ్ హాస్టల్లో మినీ మిలీషియా. దానికి ఇంటర్నెట్ కూడా అక్కర్లేదు. ఒకడు హాట్‌స్పాట్ ఆన్ చేస్తే మిగతావాళ్లు వైఫైలో వాడి పేరు పట్టుకుని చేరేవాళ్లు. మా బ్యాచ్‌లో మానుకోటోడు ఒకడు, భూపాలపల్లోడు ఒకడు, జనగామ నుంచి నేను. సెలవులకు గోల్కొండ ఎక్స్‌ప్రెస్ ఎక్కితే బోగీలో ఆట మొదలయ్యేది. భూపాలపల్లికి రైలు లేదు కాబట్టి వాడు వరంగల్ నుంచి బస్సు. మేము విడిపోయిన చోటే ఆట కూడా ఆగిపోయేది, ఎందుకంటే హాట్‌స్పాట్ పట్టేది కొన్ని అడుగులే. మ్యాచ్‌లోకి రావాలంటే పక్కన ఉండాలి, అంతే.

ఇప్పుడు 2016. సెప్టెంబర్ 5న జియో మొదలైంది. అక్టోబర్ 11న, దసరా రోజు, తెలంగాణలో కొత్త జిల్లాలు వచ్చాయి. అప్పటిదాకా మేము ముగ్గురం వరంగల్ జిల్లా పిల్లలం. ఆ రోజు నుంచి ముగ్గురివి మూడు జిల్లాలు: జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి. జనగామలోనైతే జిల్లా కోసం ఎన్ని బంద్‌లు, ఎన్ని ధర్నాలు జరిగాయో మా తరానికి బాగా గుర్తు. సరిగ్గా 36 రోజుల తేడాలో కాగితం మీద మమ్మల్ని విడదీసిందొకటి, ఫోన్లో కలిపిందొకటి. ఈ రెంటికీ ఒకదానితో ఒకటి సంబంధం లేదు, తేదీలు అట్లా కుదిరాయి.

2018 మార్చిలో పబ్జీ మొబైల్ ప్రపంచమంతటా వచ్చింది. అదే ఏడు మా చదువులు అయిపోయాయి. నేను హైదరాబాద్‌లో ఉద్యోగం, మిగతా ఇద్దరు ఇంటి దగ్గర నోటిఫికేషన్ల కోసం చూపులు. రాత్రి పదింటికి లాబీలో కలిసేవాళ్లం. స్క్వాడ్ అంటే నలుగురు, మేము ముగ్గురం. నాలుగో మనిషిని మిషన్ వెతికి పెట్టేది. ఒకరోజు పాట్నా పోరడు, ఒకరోజు నేపాల్, ఒకరోజు అసలు మాట్లాడనివాడు. మా హిందీ అంతా ఆ నాలుగో సీటు దయ.

ఇక్కడ కొంచెం ఇంజనీర్ బుర్ర పెట్టాలి. స్టార్ట్ నొక్కగానే ఏం జరుగుతుంది? ఏ సర్వర్, ఏ మ్యాప్, సోలోనా డుయోనా స్క్వాడా, నీ ర్యాంక్ ఎంత అని చూసి నిన్ను ఒక వరుసలో నిలబెడతారు. దగ్గర దగ్గర స్థాయి ఉన్నవాళ్లను ఏరి ఒక గుంపు చేస్తారు. ఎంత ఎక్కువ సేపు వెతికితే అంత సమానమైన గుంపు దొరుకుతుంది, కానీ నువ్వు విసిగిపోయి ఆట మూసేస్తావు. అందుకే సెకన్లు గడిచేకొద్దీ సాధారణంగా వల పెద్దది చేస్తారు. కింది ర్యాంకుల్లో మనుషులు చాలకపోతే బాట్లను నింపుతారు. కొత్తగా చేరినవాడు మొదటి రోజే చికెన్ డిన్నర్ కొట్టి గల్లీ అంతా చెప్పుకుంటాడు చూడండి, వాడు కొట్టినవాళ్లలో చాలామంది మనుషులే కాదు.

ఈ ర్యాంక్ లెక్కలకు తాత లాంటిది చదరంగంలో ఉంది. అర్పాడ్ ఎలో అని హంగరీలో పుట్టిన అమెరికన్ భౌతికశాస్త్ర ప్రొఫెసర్ తయారుచేసిన రేటింగ్‌ను ఫిడే 1970లో తీసుకుంది. ఇద్దరి మధ్య 200 పాయింట్ల తేడా ఉంటే, పైవాడికి 100 గేముల్లో సుమారు 76 పాయింట్లు రావాలి అని అది లెక్కగడుతుంది. తక్కువోడి చేతిలో ఓడితే ఎక్కువ పోతాయి. మన ఓరుగల్లు పిల్లగాడు అర్జున్ ఇరిగేశి 2024 డిసెంబర్ ఫిడే జాబితాలో 2800 దాటాడు, భారత్ నుంచి విశ్వనాథన్ ఆనంద్ తర్వాత ఆయనే. ఆ 2800 ఈ ఎలో లెక్కే. ఒక్కో కంపెనీ తన లెక్కను తానే రాసుకుంటుంది, బయటపెట్టదు. కానీ పని మాత్రం ఒకటే, ఉద్దిని వెతకడం. సూర్యుడా చంద్రుడా అని పోరగాళ్లు అర నిమిషంలో చేసిన పని. తేడా ఏందంటే, గల్లీలో ఎవడు ఎవడికి సరిజోడో మనమే ఒప్పుకునేవాళ్లం. ఇక్కడ మనకు ఎవరూ చెప్పరు, అడిగే చోటూ లేదు.

ఇంకొకటి, ర్యాంక్ సమానం అయినంత మాత్రాన ఆట సమానం కాదు. పింగ్ ఉంది కదా. అంటే నీ ఫోన్ నుంచి సర్వర్‌కు మాట పోయి తిరిగి రావడానికి పట్టే సమయం. గాజు తీగలో వెలుతురు సెకనుకు దాదాపు 2 లక్షల కిలోమీటర్లు పోతుంది. చెన్నై నుంచి సింగపూర్‌కు సముద్రం అడుగున కేబుల్ సుమారు 3,200 కిలోమీటర్లు. సర్వర్ అక్కడ ఉంటే ఏ దేవుడు దిగొచ్చినా పోయి రావడానికి 32 మిల్లీసెకన్లు పడుతుంది. అది అందరికీ ఒకటే. మిగతాది మాత్రం ఎవరి ఊరు వాళ్లది. హైదరాబాద్‌లో నాకు 60 చూపిస్తే, కురవి దగ్గర తండాలో మావాడికి 180. వాడు వాటర్ ట్యాంక్ మెట్లెక్కితే 110. అందుకే వాడు మాతో ఆడిన చాలా మ్యాచులు నేల మీద ఆడలేదు. ఎదురుగా శత్రువు కనపడి వాడు కాల్చేసరికి అవతలోడి తెర మీద వీడు అప్పటికే చచ్చి ఉండేవాడు. రెండేళ్లు ప్లాటినం దాటలేదు. వాడి చేతి వేగం మా ఇద్దరికంటే ఎక్కువ అని నేను ఇప్పటికీ చెబుతా. ఆ లెక్కకు చెయ్యి కనపడలేదు, ఫలితం ఒక్కటే కనపడింది.

భూపాలపల్లోడిది ఇంకో రకం. వాళ్ల నాన్న సింగరేణిలో, కేటీకే గనుల్లో పని. ఆయన నైట్ షిఫ్టులో ఉన్న వారం వీడు స్వేచ్ఛగా ఆడతాడు. ఫస్ట్ షిఫ్టు వారం ఆయన తెల్లారకముందే లేవాలి కాబట్టి తొమ్మిదింటికే ఇంట్లో లైట్లు, ఫోన్లు బంద్. మా స్క్వాడ్ టైమ్ టేబుల్ సింగరేణి షిఫ్టుల మీద నడిచిందంటే నమ్మండి.

2020. జూన్ 15న గల్వాన్‌లో 20 మంది మన సైనికులు చనిపోయారు. వాళ్లలో కల్నల్ సంతోష్ బాబు సూర్యాపేట ఆయన. మా జనగామ నుంచి తిరుమలగిరి మీదుగా పోతే వచ్చేది ఆ ఊరే. అంతిమయాత్ర టీవీలో చూసి మా అమ్మ ఆ రోజు అన్నం తినలేదు. జూన్ 29న టిక్‌టాక్‌తో కలిపి 59 యాప్‌లను కేంద్రం నిషేధించింది. సెప్టెంబర్ 2న ఇంకో 118. అందులో పబ్జీ మొబైల్, లైట్ రెండూ ఉన్నాయి. ఐటీ చట్టంలోని 69ఏ సెక్షన్ కింద. ఇక్కడ ఒక తేదీ చెప్పాలి. తెలంగాణ సర్కారు బడుల్లో డిజిటల్ క్లాసులు మొదలైంది సెప్టెంబర్ 1న. అంటే ఎన్నో ఇళ్లల్లో అప్పు చేసి పిల్లకో పిల్లగాడికో ఫోన్ కొన్న వారమే ఆ ఫోన్లో ఆట పోయింది. తల్లిదండ్రులు ఊపిరి పీల్చుకున్నారు, వాళ్ల భయం ఉత్తది కాదు. పిల్లల నిద్ర, చదువు, తెలియకుండా ఖాతాలోంచి పోయిన డబ్బులు, అన్నీ నిజమే. కానీ లాక్‌డౌన్‌లో ఉద్యోగం లేక ఇంట్లో ఉన్న మావాడికి రోజుకు మాట్లాడే మనుషులం మేమిద్దరమే, అదీ ఆ లాబీలోనే. అక్టోబర్ 30న సర్వర్లు ఆగాయి. కాన్ఫరెన్స్ కాల్ పెట్టుకుందాం అన్నాం. రెండుసార్లు పెట్టుకున్నాం. చేతిలో ఆట లేకుండా మగపిల్లలు ముగ్గురు ఫోన్లో ఎంతసేపని మాట్లాడతారు?

తర్వాతది అందరికీ తెలిసిందే, తొందరగా చెప్తా. క్రాఫ్టన్ కంపెనీ 2021 జూలై 2న బీజీఎంఐ తెచ్చింది. 18 ఏళ్ల లోపు వాళ్లకు తల్లిదండ్రుల నంబర్, రోజుకు 3 గంటలు అని షరతులు. 2022 జూలై 28న అదీ స్టోర్ల నుంచి పోయింది. 2023 మే చివర్లో మళ్లీ వచ్చింది, పెద్దవాళ్లకూ 6 గంటల పరిమితితో. మధ్యలో 2022 ఫిబ్రవరిలో ఫ్రీ ఫైర్ నిషేధం. అది చిన్న ఫోన్లలో నడిచే ఆట, 50 మందితో పది నిమిషాల్లో అయిపోతుంది కాబట్టి పల్లెల్లో దానికే అభిమానులు ఎక్కువ.

నన్ను అడిగితే వీటన్నిటికంటే మన దగ్గర పెద్ద మార్పు కస్టమ్ రూమ్. రూమ్ కార్డ్ ఉన్నవాడు గది తెరుస్తాడు, ఐడీ, పాస్‌వర్డ్ వాట్సాప్‌లో పెడతాడు, పది పదిహేను నిమిషాల్లో అందరూ తమ స్లాట్‌లో కూర్చోవాలి. ఆలస్యమైతే తలుపు మూత. నెట్ సెంటర్ అన్న 192.168 అని అరిచినట్టే ఇది. మిషన్ ఎంచిన వంద మంది కాదు, మనం పిలిచిన వంద మంది. సంక్రాంతి సెలవుల్లో ఊరూరికీ జట్లు కట్టుకుని ఆడేవాళ్లను నేను చూశాను. జనగామ ఒక స్క్వాడ్, మానుకోట ఒక స్క్వాడ్. ఆ గదుల్లో మా తండావాడు మొదటిసారి గెలిచాడు. ఆ రోజు అందరూ పల్లెల నుంచే, అందరి పింగూ అంతే చెండాలంగా ఉంది.

అయితే అదే గదిలోకి దొంగ కూడా వచ్చాడు. "ఎంట్రీ 30 రూపాయలు, గెలిస్తే 1000, ముందు పైసలు పంపితే ఐడీ ఇస్తా." పంపినంక నంబర్ స్విచ్ఛాఫ్. 30 రూపాయలకు ఎవరు స్టేషన్‌కు పోతారు? వాడి ధైర్యం అదే. పైసలు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటల మీద తెలంగాణ 2017లోనే గేమింగ్ చట్టాన్ని సవరించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు కొత్త చట్టం చేసింది, అది డబ్బు ఆటలను నిషేధించి, ఈ-స్పోర్ట్స్‌ను వేరుగా గుర్తించింది. మా అల్లుడికి మాత్రం నేను ఈ సెక్షన్లు చెప్పలేదు. ఐడీ ఇచ్చేవాడి ముఖం నీకు తెలుసా, తెలియకపోతే రూపాయి పంపకు అన్నాను. "తెలుసు మామా, మా క్లాస్ లీడరే" అన్నాడు. ఇంతలో పాస్‌వర్డ్ వచ్చింది, వాడు లేచి పక్క గదిలోకి పోయాడు, అక్కడైతే సిగ్నల్ బాగా వస్తదట.

వచ్చే ఎపిసోడ్‌లో కౌంటర్ స్ట్రైక్ ఆడిన ఆ నెట్ సెంటర్లు మీసేవ కేంద్రాలుగా ఎట్లా మారాయో మాట్లాడుకుందాం. ఉంటా మరి.