గడి స్త్రీ: నవల నుంచి వెండితెర దాకా

1978 సెప్టెంబరు 7న జగిత్యాలలో రైతుకూలీలు జరిపిన జైత్రయాత్ర దొరల గడీలను, అంటే కోటల వంటి నివాసాలను, కుదిపివేయగా, ఆ అక్టోబరులోనే ప్రభుత్వం జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. నిజాం నాటి తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం తెరకెక్కిన కాలమూ ఇదే. కృష్ణ చందర్ ఉర్దూ నవల 'జబ్ ఖేత్ జాగే' ఆధారంగా గౌతమ్ ఘోష్ రూపొందించిన 'మాభూమి'లో లంబాడా యువతి చంద్రి దొర బలాత్కారానికి లొంగవలసి రావడం ప్రధానంగా కథానాయకుడు రామయ్య ఊరు విడవడానికి కారణమైంది. ఆమె దుఃఖం మాత్రం కథకు అంచునే నిలిచింది.

ఆ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల మాటలను స్త్రీశక్తి సంఘటన 1986లో 'మనకు తెలియని మన చరిత్ర'గా గ్రంథస్థం చేసింది. 1988లో బి. నర్సింగరావు తీసిన 'దాసి' 1920ల నాటి గడిలో వెట్టి, అనగా కూలిలేని నిర్బంధ చాకిరి, చేసే కమలిని కేంద్రంగా నిలిపి, మాటలు తగ్గించి, ఆమె పనినీ మౌనాన్నీ కథగా మలిచింది. ఆ పాత్రకు అర్చన జాతీయ ఉత్తమ నటి పురస్కారం పొందింది. స్త్రీ చిత్రణలో తెలుగు సినిమా సాధించిన గొప్ప మలుపు ఈ చిత్రమే.

అయినా జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్లలలో తరాలుగా బీడీలు చుట్టి సంసారాలను మోసిన స్త్రీల శ్రమకు ఆ తెరపై తగిన చోటు దక్కలేదు. సాహిత్య, సినిమా పరిశోధకులు ఇకనైనా ఆ జీవితాలపై దృష్టి పెట్టాలి.